పిడి తిరగని చోటు

తనను పెళ్ళి చేసుకోమని ఓపల్ రెనిక్‌ని లైల్ హాస్కెట్ అప్పటికి పద్నాలుగుసార్లు అడిగాడు. పద్నాలుగుసార్లూ మోకాలి మీద కూచునే అడిగాడు. పద్నాలుగుసార్లూ డైరెక్టరు డటన్ అడగమన్నాడు కాబట్టే అడిగాడు. అడిగిన ప్రతిసారీ ఏదో ఒకటి వచ్చి నెత్తిన పడింది. ఒకసారి పూలకుండీ, ఒకసారి పిండి బస్తా, ఒకసారి ఓపల్ తండ్రి వేషం కట్టిన లావుపాటి మనిషే పై అంతస్తు నుంచి వచ్చి పడ్డాడు. మూకీ నవ్వుల బొమ్మల్లో లైల్ పని అదే. ప్రేమించడం, అడగడం, దెబ్బ తిని పడడం.

మొదటి పదకొండుసార్లూ వేషానికే అడిగాడు. చివరి మూడుసార్లూ నిజంగా అడిగాడు. ఆ తేడా తనకు తప్ప ఎవరికీ తెలియదని అతని నమ్మకం.

లైల్ పుట్టింది నెబ్రాస్కాలో, గోధుమ పండించే ఇంట్లో. ఆ ఇంట్లో మాటలు తక్కువ. నాన్న పొద్దున్నే ఆకాశం చూసి "ఊఁ" అంటే ఆ రోజు కోత ఉన్నట్టు, "ఊహూఁ" అంటే లేనట్టు. అమ్మ వారానికోసారి చర్చిలో పాడేది, మిగతా ఆరు రోజులు గిన్నెలే చప్పుడు చేసేవి. పశువుల రైలుతో పాటు లాస్ ఏంజెలెస్ దాకా వచ్చిన లైల్, ఎడెన్‌డేల్ కొండ కింద ఒక కంచె దాటబోయి బొక్కబోర్లా పడుతూ డటన్ కంట్లో పడ్డాడు. "మళ్ళీ పడతావా?" అని అడిగాడు డటన్. పడ్డాడు. మూడేళ్ళ నుంచి పడుతూనే ఉన్నాడు.

నలుగురిలో నోరు పెగలని మనిషే, కెమెరా ముందు మాత్రం మాట్లాడేవాడు. మూకీకి మాట అక్కర్లేదు, పెదవులు కదిలితే చాలు. కదలకపోతే తెర మీద శవంలా కనపడతారు. అందుకని నోటికొచ్చింది అనేవాళ్ళు. నాయకుడు నాయిక గడ్డం పట్టుకుని, నీ నోరు ఉల్లిపాయ కంపు కొడుతోంది అనేవాడు. ఆమె కళ్ళు అరమోడ్చి, ముందు నా కాలి మీంచి నీ కాలు తియ్యి అనేది. ఊళ్ళలో జనం అది చూసి కళ్ళు తుడుచుకునేవాళ్ళు.

దానికొక కట్టుబాటు ఉండేది. చేత్తో తిప్పే కెమెరా పిడి తిరుగుతుండగా అన్న మాట, పిడి ఆగాక ఎవరూ ఎత్తకూడదు. ఎవరూ రాసిపెట్టింది కాదు. ఎత్తితే బొమ్మలు తీసే ఆ కొట్టంలో సగంమంది సగంమందితో మాట్లాడుకోలేరు, అంతే.

ఆ చాటున లైల్ తన సంగతులన్నీ ఓపల్‌కి చెప్పేశాడు. నాన్న తలకు అమ్మ ముసుగు కట్టుకుంటే తప్ప ఆయనకు పాలివ్వని ఎర్రావు సంగతి చెప్పాడు. వడగళ్ళు పడ్డ ఏడాది నాన్న గడ్డివాములో కూచుని ఏడవడం తాను చూశానని, చూసినట్టు ఆయనకు తెలియదని చెప్పాడు. ఓపల్ కూడా చెప్పేది. తొలేడో ఊళ్ళో బొత్తాల ఫ్యాక్టరీలో పని, నాన్న పోవడం, తనను సినిమాలోకి తోసింది అమ్మేనని. చెబుతూ చెబుతూ వేషం ప్రకారం అతని చెంప మీద చెళ్ళున కొట్టేది. కెమెరా తిప్పే నిల్స్ పిడి ఆపేవాడు. ఆ తర్వాత ఇద్దరూ ఎవరి పాటికి వాళ్ళు బట్టల దుమ్ము దులుపుకునేవాళ్ళు.

పన్నెండోసారి మోకాలి మీద కూచుని లైల్ అన్నాడు, "ఓపల్, ఇది వేషం కాదు."

"అందరూ అదే అంటారు," అని ఆమె నవ్వింది. పిండి బస్తా పడింది.

అప్పటి నుంచి అతనికి నిద్ర సరిగ్గా లేదు. నోరు వచ్చే చోట మాటకు విలువ లేదు. విలువ ఉన్న చోట నోరు రాదు. గానుగకు కట్టిన గుర్రం కూడా తనకంటే నయం, దానికి తిరుగుతున్నానని తెలియదు అనుకునేవాడు.

ఇప్పుడు ఆ తిరగడం కూడా అయిపోవచ్చింది. ఓపల్‌కి ఈ కంపెనీలో ఇదే ఆఖరి రోజు. కొండకు అవతల పెద్ద కంపెనీవాళ్ళు ఆమెను రెండేళ్ళకు తీసుకుంటున్నారు. సాయంత్రం అయిదింటికి వాళ్ళ ఆఫీసులో సంతకం. ఒప్పందంలో ఆరో షరతు గురించి కొట్టంలో అందరికీ తెలుసు. ఆ రెండేళ్ళూ ఆమె పెళ్ళి చేసుకోకూడదు, చేసుకుంటానని ఎవరికీ మాట ఇవ్వకూడదు. ఆమెను తీసుకెళ్ళడానికి ప్రేథర్ అనే మనిషి కారుతో వస్తాడు.

మిగిలింది ఒక్క సన్నివేశం, గోడమంచం. పగలు గోడలోకి మడిచిపెట్టి, పడుకునేటప్పుడు కిందికి లాగే మంచం. ప్రేమికులు దాని మీద కూచుంటారు, అతను అడుగుతాడు, మంచం ఇద్దర్నీ గోడలోకి మింగేస్తుంది, పోలీసు వచ్చి బయటికి లాగుతాడు. పదిహేనోసారి. ఆఖరిసారి.

మంచం చేసింది ముసలి వడ్రంగి బీస్లీ. అతనికి ఆ పని నచ్చలేదు.

"స్ప్రింగు బలం ఎక్కువైంది సార్. ఇది మంచం కాదు, ఎలకల బోను."

"ఎలకల బోనులాగే ఉండాలి బీస్లీ," అన్నాడు డటన్. "చటుక్కున మింగెయ్యాలి."

"మింగడం మింగుతుంది. కక్కుతుందో లేదో నాకు తెలియదు."

"అది రేపటి సంగతి. ఇవాళ్టికి వెలుతురు గంటే ఉంది."

ఆ కొట్టానికి పైకప్పు లేదు. ఎండ కళ్ళలో గుచ్చకుండా పైన పల్చటి తెల్లగుడ్డ కట్టి ఉండేది. సూర్యుడు కొండ దిగితే బొమ్మ ఆగినట్టే. లైల్ మంచం మీద కూచున్నాడు. పక్కన ఓపల్ కూచుంది, నీలం గౌను, ముంజేతి దాకా చేతితొడుగులు. కెమెరా వెనక నిల్స్ పైపు నోట్లోంచి తీసి జేబులో పెట్టుకున్నాడు. పిడి తిరగడం మొదలయింది.

"అడగరా లైలూ," అని నోటికి కేకల గొట్టం పెట్టుకుని అరిచాడు డటన్. "అమ్మాయి చెయ్యి పట్టుకో. వణకాలి నువ్వు. బాగా వణకాలి."

అది చెప్పక్కర్లేదు.

"ఓపల్," అన్నాడు లైల్. ఆ పూట అనాల్సిన ముక్క నాలుగు రోజులుగా కూడబలుక్కున్నాడు. "ఓపల్, నేను..."

మంచం మింగేసింది.

లోపల చీకటి. చెక్క పగులులోంచి దారమంత వెలుతురు. ఓపల్ కాళ్ళ మీద నిలబడి ఉంది, లైల్ తలకిందులుగా ఉన్నాడు. అతని ముక్కు దగ్గర ఆమె బూటు, ఆమె భుజం మీద అతని మోకాలు. బయట నవ్వులు వినిపిస్తున్నాయి. ఇద్దరూ పని ప్రకారం కాసేపు చెక్కను గుద్దారు, తన్నారు, అరిచారు. పిడి చప్పుడు ఆగింది.

"భేష్," అన్నాడు డటన్. "ఇద్దరూ అలాగే ఉండండి. పోలీసు వచ్చి లాగేదాకా వెంట్రుక కూడా కదలొద్దు. ఆ పోలీసు వేషం హెక్టరు ఎక్కడ?"

"మీసం ఊడింది సార్. జిగురు పెట్టించుకుంటున్నాడు," అన్నారెవరో.

వెంట్రుక కదలొద్దనడం ఊరికే కాదు. కిందటి నెల ఒకడు ఒకే సన్నివేశంలో రెండు తునకలు తీసే మధ్యలో బయటికెళ్ళి కాఫీ తాగొచ్చాడు. తెర మీద అతను ఎడమ చెవి మీదికి వాల్చిన టోపీతో కిటికీలోంచి దూకి, కుడి చెవి మీదికి వాలిన టోపీతో నేల మీద పడ్డాడు. వారం పని చెత్తబుట్టలో పోయింది. ఆనాటి నుంచి డటన్ ఎక్కడివాళ్ళను అక్కడే నిలబెడుతున్నాడు.

లైల్ ముందు తల పైకి తెచ్చుకోవాలని చూశాడు. పాములా మెలికలు తిరిగాడు. తిరుగుతుండగా ఎక్కడో స్ప్రింగు కొస అతని పంట్లాం పట్టుకుంది. చివరికి గొంతుక్కూచుని, ముఖం ఆమె మోచేతి దగ్గరికి వచ్చేసరికి, ఇటూ అటూ కదలడానికి లేకుండా పోయింది. చేత్తో పైకి తడిమి చూశాడు. మంచం మూసే కొక్కెం వంగి చెక్కలో దిగబడి ఉంది.

"ఓపల్. ఇది తెరుచుకోదు."

"చెప్పు మరి వాళ్ళకి."

"డటన్ గారూ," అని అరిచాడు. "ఇరుక్కున్నాం."

"ఇరుక్కోమనేగా నేను చెప్పింది."

"నిజంగా ఇరుక్కున్నాం."

"అదీ. ఆ నిజం మొహంలో దాచుకో. లాగినప్పుడు అది నాకు కావాలి."

బయట మళ్ళీ నవ్వారు. నిజంగా దెబ్బ తగిలితే చెయ్యాల్సిన సైగ వేరే ఉంది. రెండు చేతులూ నెత్తి మీద అడ్డంగా పెట్టాలి. అది చూస్తే డటన్ అయినా సరే అన్నీ ఆపేస్తాడు. లోపలున్నవాళ్ళు చేతులు నెత్తిన పెట్టుకుంటే చూసేదెవరు?

"గొంతుతో పిలిస్తే ఎవరూ రారు," అంది ఓపల్. "ఇక్కడ అరిచేది జీతానికేగా."

"బీస్లీకి తెలుస్తుంది."

"బీస్లీ చెవిటివాడు లైల్."

"ఒక చెవే."

"మనం ఏ చెవి వైపున్నామో మరి."

బయట నిల్స్ గొంతు వినిపించింది. "మబ్బు."

"ఎంతసేపు?"

"పావుగంట. ఎక్కువ కూడా కావచ్చు."

"సరే, ఆగుదాం. వినిపించిందా లోపల? మబ్బు తేలేదాకా అలాగే ఉండండి. మంచి పిల్లలు."

పరుపులో గడ్డి కూరినట్టున్నారు. పాత పశువుల కొట్టం వాసన. ఇంటి దగ్గర అలాంటి వాసనలో లైల్ ఎన్నో పొద్దులు గడిపాడు గాని, అక్కడ తలుపు ఉండేది. ఇక్కడ ఊపిరి తీస్తే ఆమె చేతికి తగులుతుంది. తియ్యకపోతే గుండె చప్పుడు వినిపిస్తుంది. ఏది నయమో తెలియలేదు.

"మాట్లాడు," అంది ఓపల్.

"ఏం మాట్లాడను?"

"ఏదో ఒకటి. నాకు ఇరుకు చోట్లంటే భయం. రోజూ అంత వాగుతావు, ఎర్రావు అంటావు, వడగళ్ళంటావు. ఇప్పుడేమయింది?"

"అప్పుడు పిడి తిరుగుతుంటుంది."

"ఇప్పుడు తిరగట్లేదు."

"అదే."

ఓపల్ గొంతు తగ్గించి అంది, "పన్నెండోసారి నువ్వేమన్నావో నాకు గుర్తుంది."

ఎవరూ ఎత్తని మాట ఆమె ఎత్తింది.

"అలా ఎత్తకూడదు," అన్నాడు.

"కూడదు. అయినా ఎత్తాను. పదమూడోసారి ఏమన్నావో కూడా గుర్తుంది. పద్నాలుగోసారి ఏమీ అనకుండా ఊరికే చూశావు, డటన్ నిన్ను తిట్టాడు."

"మరి నవ్వావుగా."

"నా మొహానికి రెండడుగుల్లో కెమెరా ఉంది. నవ్వవే అని ఆయన గొట్టంలోంచి అరుస్తున్నాడు. ఏం చెయ్యను? పదమూడోసారి ఏడవమన్నాడు, ఏడ్చాను. అందులో నా ఏడుపెంతో ఆయన ఏడుపెంతో నాకే తెలియలేదు." ఆమె మోచెయ్యి కదిలి అతని చెవికి తగిలింది. "మర్నాడు నా దగ్గరికి వస్తావేమోనని చూశాను. వచ్చావు కూడా. వచ్చి ఏమన్నావో చెప్పు."

లైల్‌కి బాగా గుర్తుంది. "టోపీ పిన్ను ఊడిందన్నాను."

"టోపీ పిన్ను. రాత్రంతా కూచుని నేను నాలుగు జవాబులు తయారుచేసుకున్నాను. ఒక్కటీ టోపీ పిన్నుకు పనికిరాలేదు."

బయట గేటు దగ్గర కారు హారను మోగింది. రెండుసార్లు. ప్రేథర్ వచ్చాడు. డటన్ "పది నిమిషాలు" అని కేక వేశాడు.

"ఆరో షరతు సంగతి తెలుసా నీకు?" అంది ఓపల్.

"తెలుసు."

"తెలిసి?"

లైల్ నోరు తెరిచాడు. నాలుగు రోజులు కూడబలుక్కున్న ముక్క ఎటు పోయిందో పోయింది. అడ్డం తిరిగిన దూడలాగా మాట గొంతులో ఇరుక్కుంది. అలాంటప్పుడు నాన్న ఏం చేస్తాడో అతనికి తెలుసు. చొక్కా చెయ్యి పైకి మడిచి, మొహం పక్కకు తిప్పుకుని, ఆవు లోపలికి చెయ్యిపెట్టి లాగుతాడు. పక్కన నిలబడి చూసేవాళ్ళను పట్టించుకోడు. లైల్ కళ్ళు మూసుకున్నాడు, చీకట్లో ఆ అవసరం లేకపోయినా.

"నాకు నువ్వు కావాలి," అన్నాడు. "వేషానికి కాదు. కాగితం సంగతి నీ ఇష్టం, వద్దనడానికి నేనెవణ్ణి. అడగకుండా పోనిస్తే మాత్రం బతికినన్నాళ్ళూ ఈ మంచంలోనే ఉన్నట్టుంటుంది. నన్ను పెళ్ళి చేసుకుంటావా?"

అని, అలవాటుకొద్దీ తల దించుకుని ఆగాడు. ఏదీ వచ్చి నెత్తిన పడలేదు. అతనికి అదే ఎక్కువ భయంగా ఉంది.

"మా అమ్మ చంపేస్తుంది," అంది ఓపల్.

"అవునా, కాదా?"

"ఆగు, ఆలోచించుకోనీ. చెక్క వాసనకి బుర్ర పని చెయ్యట్లేదు." ఆమె గబగబా ఊపిరి తీసుకుంది. "ఆ షరతు కొట్టెయ్యమని వాళ్ళని అడగొచ్చు. వారం నుంచీ అనుకుంటున్నాను. ఏం పెట్టుకుని అడగను? ఒకడు కెమెరా ముందు మోకాలేశాడని చెప్పనా? వాళ్ళ దగ్గర అలా రోజుకు పదిమంది వేస్తారు. ఇప్పుడైతే అడగొచ్చు."

"కొట్టెయ్యకపోతే?"

ఆ జవాబు రాకముందే పైన గుడ్డ మీద ఎండ పడ్డట్టుంది, పగులులోని వెలుతురు దారం తెల్లబడింది. డటన్ అరిచాడు. పిడి మొదలయింది. హెక్టరు బూట్లు టకటకా వచ్చి మంచం ముందు ఆగాయి.

హెక్టరు లాగాడు. మంచం రాలేదు. మళ్ళీ లాగాడు. ఒక కాలు గోడకు తన్ని లాగాడు. అతను మూడు బస్తాల బరువున్న మనిషి. మంచం రాలేదు గాని గోడ వచ్చింది. కిటికీ, కిటికీకి కట్టిన తెర, గోడ గడియారం, అన్నిటితో సహా ముందుకు వాలి హెక్టరు మీద పడింది. పడ్డ ఊపుకి కొక్కెం ఊడి, మంచం వెనక వైపు నుంచి లైల్‌నీ ఓపల్‌నీ కక్కేసింది. ఓపల్ పరుపు మీద కూచున్నట్టుగా పడింది. లైల్ గడ్డాన్ని నేలకు రాసుకుంటూ పోయి కెమెరా కాళ్ళ దగ్గర ఆగాడు. హెక్టరు కిటికీలోంచి తల బయటికి పెట్టాడు. మీసం మళ్ళీ ఊడింది.

నిల్స్ పిడి ఆపలేదు.

డటన్ ఆనందంతో టోపీ తీసి నేలకు కొట్టాడు. "ఇంకా వెలుతురుంది. గేటు దగ్గర కారుంది. అదే వాడుకుందాం. డబ్బున్నవాడు పిల్లను ఎక్కించుకుని పోతాడు, లైల్ వెంటపడతాడు, గేటు బురదలో పడతాడు, అయిపోయింది. ఓపల్, వెళ్ళి కారెక్కు. వెనక్కి తిరిగి చూడకు. ప్రేథర్ గారూ, ఊరికే నడపండి, ఆఫీసుకే నడపండి, అది చాలు."

ఓపల్ గౌను దులుపుకుంది. చుట్టూ ఇరవైమంది ఉన్నారు. లైల్ వైపు ఒకసారి చూసింది. ఆ చూపు ఏ జవాబో అతనికి అర్థం కాలేదు, ఆమె మొహం అప్పుడే పని మొహం అయిపోయింది. నడిచి వెళ్ళి కారెక్కింది. మంచంలో ఉన్నప్పుడు కంటే ఇప్పుడే ఊపిరి ఆడనట్టయింది లైల్‌కి. లోపల కనీసం ఆమె ఉంది.

కెమెరాను గేటు దగ్గరికి మోసుకెళ్ళారు. బీస్లీ రెండు బకెట్ల నీళ్ళు తెచ్చి మట్టిలో కుమ్మరించాడు.

"పోనీ," అన్నాడు డటన్.

కారు కదిలింది. లైల్ పరుగెత్తాడు. పంట్లాం వెనక తెగిన స్ప్రింగు ఒకటి ఎగిరెగిరి పడుతోంది. జనం నవ్వుతున్నారు. "చేతులు చాపు. ఏడువు. ఇప్పుడు పడు, ఇప్పుడే పడు," అంటున్నాడు డటన్. బురద వచ్చింది. అక్కడ ఎలా పడాలో లైల్ ఒంటికి తెలుసు. ఎడమ కాలు జారాలి, కుడి కాలు గాల్లోకి లేవాలి, మొహం ముందు తగలాలి. మూడేళ్ళుగా ఒళ్ళు దానంతటదే చేసే పని.

బురద మీంచి దూకి అవతల కాళ్ళ మీద దిగాడు.

"పడమంటే," అన్న అరుపు వెనక వినిపించింది. లైల్ ఆగలేదు. గేటు దాటాడు. రోడ్డు మలుపు తిరిగాడు. అక్కడికి కెమెరా చూపు ఆనదు. ఎత్తు ఎక్కలేక కారు మూలుగుతోంది. చెయ్యి చాచి తలుపు పట్టుకుని పక్కమెట్టు మీదికి ఎక్కాడు.

"కొట్టెయ్యకపోతే?" అన్నాడు రొప్పుతూ.

ఓపల్ అతన్ని చూసింది, వెనక ఖాళీ రోడ్డును చూసింది. అక్కడ ఎవరూ లేరని నమ్మకం కుదిరాక చెప్పింది.

"కొట్టెయ్యకపోతే సంతకం పెట్టను. నేను అవునంటున్నాను లైల్. వినిపించిందా?"

వినిపించిందన్నట్టు తల ఊపాడు.

ప్రేథర్ గంభీరమైన మనిషి. కళ్ళద్దాలు సర్దుకుని, రోడ్డు మీంచి చూపు తిప్పకుండానే అడిగాడు. "ఎవరమ్మా ఇతను?"

"నేను పెళ్ళి చేసుకోబోయే మనిషి."

"ఆరో షరతు చదివావా?"

"చదివాను. దాన్ని కొట్టించడానికే వస్తున్నాను."

"మావాళ్ళు కొట్టరు. ఇంతవరకు ఎవరికీ కొట్టలేదు."

"ఇంతవరకు ఎవరైనా అడిగారా?"

ప్రేథర్ ఆలోచించాడు. కారు ఇంకో మలుపు తిరిగింది. "నాకు తెలిసి లేదు," అన్నాడు.

"అయితే అడుగుతాను. కాదంటే మమ్మల్ని తిరిగి దింపక్కర్లేదు, నడిచిపోతాం. మా అమ్మకి మాత్రం మీరే ఫోను చేసి చెప్పాలి. నాకు భయం."

"నాకూ భయమే," అన్నాడు ప్రేథర్. "ఆవిడతో ఒకసారి మాట్లాడాను." కొంచెం దూరం పోయాక గేరు మారుస్తూ అన్నాడు, "ముందు రోడ్డు దిగుడు ఎక్కువ. ఆ మెట్టు మీద నిలబడితే పడతాడు. లోపలికి రమ్మను."

"పడను," అన్నాడు లైల్. అలవాటు లేని మాట. అందుకని తలుపును రెండో చేత్తో కూడా పట్టుకున్నాడు.